పేర్లు అడగకుండా తలలు లెక్కపెట్టే విద్య

పెళ్లయిన మర్నాడు కేటరింగ్ అతను బిల్లు పట్టుకొస్తాడు. పొద్దున టిఫిన్ 400 ప్లేట్లు, మధ్యాహ్నం భోజనం 900, రాత్రి రిసెప్షన్ 700. మొత్తం 2,000. ఆ కాగితం చూసిన బాబాయి "మన పిల్ల పెళ్లికి రెండువేల మంది వచ్చార్రా" అని ఊరంతా చెప్పుకుంటాడు. అంతమంది రాలేదని ఆయనకూ తెలుసు. పొద్దున ఇడ్లీ తిన్న మేనమామే మధ్యాహ్నం రెండో బంతిలో కూర్చున్నాడు, రాత్రి ఐస్‌క్రీమ్ దగ్గరా ఆయనే నిలబడ్డాడు. ప్లేట్లు మూడు, మనిషి ఒకడు.

కొత్త సినిమా ట్రైలర్ వచ్చిన మర్నాడు పోస్టరు మీదికెక్కే కోట్ల వ్యూస్ కూడా ప్లేట్ల లెక్కే. యూట్యూబ్‌లో ఇన్ని, ఇన్‌స్టాగ్రామ్‌లో ఇన్ని, ఫేస్‌బుక్‌లో ఇన్ని అని రాసి, కింద గీత గీసి కూడేస్తారు. చూసిన తలలెన్ని అని అడిగితే ఎవరూ నోరు మెదపరు. పత్రికలవాళ్లకు ఈ చిక్కు ఇంకో రూపంలో ఎప్పటినుంచో పరిచయం. టీకొట్టు బల్ల మీది ఒక్క పేపరును పదిమంది తిరగేస్తారు కనుక సర్క్యులేషన్ వేరు, రీడర్‌షిప్ వేరు అని విడదీసుకున్నారు. అక్కడ ఒక కాపీకి చాలామంది మనుషులు, ఇక్కడ ఒక మనిషికి చాలా వ్యూస్.

చిన్న లెక్క వేద్దాం. వ్యూస్ వదిలేసి మనుషుల్నే తీసుకుందాం. ఒక వీడియోను యూట్యూబ్‌లో 6 లక్షల మంది, ఇన్‌స్టాలో 5 లక్షల మంది, ఫేస్‌బుక్‌లో 3 లక్షల మంది చూశారనుకోండి. కూడితే 14 లక్షలు. ఒకవేళ ఇన్‌స్టావాళ్లూ ఫేస్‌బుక్‌వాళ్లూ అందరూ యూట్యూబ్‌లోనూ చూసినవాళ్లే అయితే మొత్తం 6 లక్షలే. నిజం 6కీ 14కీ నడుమ ఎక్కడో ఉంది. ఇంత సందు వదిలితే దాన్ని అంచనా అనరు, సోది అంటారు. సందు ఇరుకు కావాలంటే యూట్యూబ్‌కీ ఇన్‌స్టాకీ ఉమ్మడివాళ్లెందరు, మూడింటికీ ఉమ్మడివాళ్లెందరు అని విడివిడిగా తెలియాలి. వేదికలు మూడైతే ఇలా తెలియాల్సిన అంకెలు 7. ఐదైతే 31. పదైతే 1,023.

ఈ గుంపుల గొడవను మొదట తెలివిగా కుదించినవాళ్లలో ఒకరు జె.ఎం. అగోస్తీనీ. ఫ్రెంచ్ పత్రికల పాఠకుల గణాంకాలు ముందు వేసుకుని, 1961లో ఆయన ఒక సూత్రం ప్రచురించాడు. అన్ని పత్రికల పాఠకుల మొత్తం ఒకటి, రెండేసి పత్రికలకు ఉమ్మడిగా ఉన్నవాళ్ల మొత్తం ఒకటి, ఈ రెండు అంకెలు చాలన్నాడు. మొదటి దాని వర్గాన్ని తీసుకోండి. రెండో దాన్ని 1.125తో హెచ్చించి మొదటి దానికి కలపండి. వర్గాన్ని దీనితో భాగించండి. మన ఉదాహరణలో యూట్యూబ్-ఇన్‌స్టా ఉమ్మడి లక్షన్నర, మిగతా రెండు జతలూ చెరో లక్ష అనుకుంటే, జతల మొత్తం 3.5 లక్షలు. సూత్రం చెప్పే జవాబు 10.93 లక్షలు. జతలు ఇవే అయితే అసలు జవాబు 10.5కూ 11.5కూ మధ్యే ఉండి తీరాలి, కాబట్టి గురి బాగానే ఉంది. ఆ 1.125 ఏ సిద్ధాంతం నుంచీ పుట్టలేదు, ఫ్రెంచ్ పత్రికలకు అతికిందని పెట్టిన అంకె. వేరే దేశాల పత్రికలకు వేరే అంకె కావలసి వచ్చింది. చేయి తిరిగిన వడ్రంగి కంటితో కొలిచి కోసిన చెక్క లాంటిదది.

అగోస్తీనీకి ఒక సౌకర్యం ఉంది. సర్వేవాళ్లు ఇంటికెళ్లి "మీరు ఏయే పత్రికలు చదువుతారు?" అని అడిగేవారు. కాబట్టి ఉమ్మడి ఎంతో తెలిసేది. ఎవరినీ అడగకుండా, ఎవరి పేరూ రాసుకోకుండా తలలు లెక్కపెట్టాలంటే? ఈ వ్యాసం రాయడానికి కూర్చున్నది ఆ పనితనం గురించే.

ఫిలిప్ ఫ్లాజొలే 1948లో లియాన్‌లో పుట్టాడు. ఫ్రాన్స్ ప్రభుత్వ కంప్యూటర్ పరిశోధన సంస్థ ఇన్రియాలో పనిచేశాడు. నైజెల్ మార్టిన్‌తో కలిసి 1985లో ఆయన ప్రచురించిన పత్రానికి సోషల్ మీడియాతో సంబంధం లేదు, అప్పటికి అది పుట్టనే లేదు. ఒక పెద్ద డేటాబేస్‌లో వేర్వేరు విలువలెన్ని ఉన్నాయో, మొత్తం గుర్తుపెట్టుకోకుండా ఒక్కసారి చదివి చెప్పగలమా అన్నది వాళ్ల ప్రశ్న.

వాళ్ల ఆలోచనను, తర్వాత సులువు చేసిన రూపంలో, పెళ్లి పందిట్లోకి తెచ్చుకుందాం. గుమ్మం దగ్గర ఒక కుర్రాణ్ణి నిలబెట్టండి. వాడి దగ్గర చదివింపుల పుస్తకం లేదు, ఒక పలక ఉంది. లోపలికొచ్చే ప్రతివాళ్లూ బొమ్మ పడేదాకా నాణెం ఎగరేసి, దానికి ముందు వరసగా ఎన్ని బొరుసులు పడ్డాయో చెప్పాలి. కుర్రాడు అప్పటిదాకా విన్నవాటిలో పెద్ద అంకె ఒక్కటే పలక మీద ఉంచి మిగతాది చెరిపేస్తాడు. సాయంత్రం పలక మీద 2 ఉంటే వచ్చినవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంత. 10 ఉంటే వెయ్యికి అటూ ఇటూ, ఎందుకంటే వరసగా పది బొరుసులు 1,024 మందిలో ఒకరికి పడతాయి.

మరి మేనమామ మూడుసార్లు గుమ్మం దాటితే? ఆ పత్రంలో నాకు అన్నిటికన్నా నచ్చిన మలుపు ఇదే. నాణేన్ని చేత్తో ఎగరేయనివ్వరు. మనిషి పేరునే హ్యాష్ అనే గణితపు మరలో వేస్తారు. అది సున్నాలూ ఒకట్లతో ఒక వరస తీసి ఇస్తుంది. చూడ్డానికి నాణెం ఎగరేసినట్టు ఏ క్రమమూ కనిపించదు, కానీ అదే పేరుకు ఎప్పుడడిగినా అదే వరస. మేనమామ మూడుసార్లు వస్తే మూడుసార్లూ అవే బొరుసులు చెబుతాడు, పలక మీది అంకె కదలదు. డూప్లికేట్లను వెతికి, పట్టుకుని, తీసెయ్యాల్సిన పనే లేదు. మళ్లీ వచ్చారో లేదో కూడా పలకకు పట్టదు.

లోపం ఎక్కడుందో మీకీపాటికి తట్టే ఉంటుంది. నలభైమంది వచ్చిన పెళ్లిలో ఎవరో ఒక అదృష్టవంతుడికి పదిహేను బొరుసులు పడితే పలక ముప్పైవేల మంది అంటుంది. అందుకని ఒక్క పలక బదులు వేల గదులున్న పలక పెట్టారు. ఇప్పుడు ఎక్కువగా వాడుకలో ఉన్న రెడిస్ అనే సాఫ్ట్‌వేర్‌లో ఆ గదులు 16,384. హ్యాష్ ఇచ్చే 64 బిట్లలో 14 బిట్లు ఏ గదికి వెళ్లాలో చెబుతాయి. మిగిలిన 50 బిట్లలో సున్నాల వరస ఎంత పొడవో చూస్తారు. ఆ పొడవు 50 దాటి పెద్దగా పోదు కనుక ఒక్కో గదికి 6 బిట్లు చాలు. మొత్తం పలక 12 కిలోబైట్లు. కోటిమంది ఐడీలను ఒక్కోదానికి 8 బైట్ల చొప్పున రాసి ఉంచితే 80 మెగాబైట్లు.

తర్వాతి మెరుగుకు పద్దెనిమిదేళ్లు పట్టింది. 2003లో మారియాన్ దురాన్‌తో కలిసి ఫ్లాజొలే 'లాగ్‌లాగ్' తెచ్చాడు. పేరు వింతగా ఉన్నా అర్థం తేలికే. కోటిని బైనరీలో రాయడానికి 24 అంకెలు కావాలి, ఆ 24ను రాయడానికి 5 చాలు. అంత కురచ చోటే కావాలన్నది పేరులోని మాట. ఆ పత్రంలో షేక్‌స్పియర్ రచనలన్నిటినీ ఈ మర గుండా పంపి, 128 బైట్లలోకి కుదించి, అందులోంచి వేర్వేరు పదాలెన్నో తీసి చూపించారు. మర 30,897 అంది. అసలు సంఖ్య 28,239. తొమ్మిది శాతం పైగా తప్పు. సరిగ్గా కుదిరిన ఉదాహరణ వెతికి పెట్టుకోవచ్చు, పెట్టుకోలేదు. ఆ 128 బైట్లు ఎంతంటే, తెలుగులో ఒక్కో యూనికోడ్ సంకేతానికి సాధారణంగా 3 బైట్లు పడతాయి కనుక ఒక కందపద్యం కూడా అందులో పట్టదు.

2007లో ఫ్యూజీ, గాందువే, మ్యూనియేలతో కలిసి చేసిన 'హైపర్‌లాగ్‌లాగ్'లో మార్చింది ఒక్కటే, సగటు తీసే పద్ధతి. గదులన్నీ చెప్పే అంచనాలకు హరాత్మక మధ్యమం తీసుకున్నారు. ఇంటర్మీడియట్‌లో చదివి వదిలేసినదే. హైదరాబాద్ నుంచి విజయవాడకు గంటకు 60 కిలోమీటర్లతో వెళ్లి 30తో తిరిగొస్తే సగటు వేగం 45 కాదు, 40. ఈ సగటులో చిన్న అంకెల మాటే చెల్లుతుంది, మిగతావాటిని మించి ఎగిరిపడ్డ అంకె దాదాపు ఏమీ కలపలేదు. అదృష్టవంతుడి నోరు మూయించడానికి అంతకన్నా మంచి సాధనం ఏముంది? పొరపాటు 1.30 నుంచి 1.04కు దిగింది, దాన్ని గదుల సంఖ్య వర్గమూలంతో భాగించుకోవాలి. 16,384కు వర్గమూలం 128. కాబట్టి రెడిస్‌లో పొరపాటు 0.81 శాతం. ఆ మేరకు గురి లాగ్‌లాగ్‌తో రావాలంటే గదులు ఒకటిన్నర రెట్లకు పైగా కావాలి. లెక్కలోంచి ఒక సగటు తీసేసి ఇంకో సగటు పెట్టడానికి నాలుగేళ్లు. ఆ మార్పు సరైనదని నిరూపించడానికి పత్రం నిండా గణితం.

ఇంకో సంగతి. గదులు వేలల్లో ఉండి మనుషులు వందల్లో వస్తే ఈ మర తడబడుతుంది. చేసినవాళ్లకు అది తెలుసు. జనం తక్కువున్నప్పుడు ఎన్ని గదులు ఖాళీగా మిగిలాయో చూసి లెక్క కట్టే పాత పద్ధతికి మారిపొమ్మని పత్రంలోనే రాశారు. ఈ రెంటి మధ్య అతుకును 2013లో గూగుల్‌వాళ్లు నునుపు చేశారు.

ఇప్పుడు అసలు ప్రశ్నకు వద్దాం. పందిరికి రెండు గుమ్మాలున్నాయి, ఇద్దరు కుర్రాళ్లున్నారు. రెండు పలకలను పక్కపక్కన పెట్టి, గదికి గది చూసి, రెంటిలో పెద్ద అంకెను ఉంచండి. వచ్చే పలక ఒకే కుర్రాడు రెండు గుమ్మాల దగ్గరా నిలబడి ఉంటే వచ్చేదే. కొంచెం కూడా తేడా రాదు. రెండు గుమ్మాల్లోనూ దూరిన మేనమామ ఒక్కడిగానే ఉంటాడు. గుమ్మాలు మూడైనా పదైనా అంతే, ఏ వరసలో కలిపినా అంతే. 1,023 గుంపుల గొడవ ఒక్క 'పెద్దది ఉంచు'తో తీరిపోయింది.

కలయికకు ఇంత సుళువైనది ఉమ్మడికి మాత్రం లొంగదు. రెండు వేదికల్లో చెరో కోటిమంది ఉండి, ఉమ్మడివాళ్లు 50 వేలే అయితే, రెండు కోట్ల దగ్గర 0.81 శాతం పొరపాటే లక్షన్నరకు పైన. ఆ 50 వేలు అందులో కొట్టుకుపోతాయి. రిపోర్టులో 'రెండుచోట్లా చూసినవాళ్లు' అని చిన్న అంకె కనిపిస్తే అది ఎలా వచ్చిందో అడగడం మంచిది.

పెద్ద అడ్డంకి ఇంకా ఉంది. రెండు గుమ్మాల దగ్గరా మేనమామ ఒకే పేరు చెప్పాలి. యూట్యూబ్‌లో మెయిల్ ఐడీ, ఇన్‌స్టాలో ఇంకేదో పేరు, ఇంట్లో టీవీలో మనవడి అకౌంట్‌తో ప్రవచనాలు వినే బామ్మ. హ్యాష్‌కు ఇవన్నీ వేర్వేరు మనుషులే. దీనికి గూగుల్‌వాళ్లు ఒక ఉపాయం పన్నారు. 2019లో స్క్వోర్ట్‌సోవ్, కోలర్ ప్రచురించిన పత్రం దాన్ని 'వర్చువల్ మనుషులు' అంటుంది. దేశ జనాభాను పోలిన ఒక ఊహా జనాభాను ముందు తయారుచేస్తారు. తాము ఏమేం చూస్తున్నామో చెప్పడానికి ఒప్పుకున్న కొద్దిమంది ప్యానెల్ అలవాట్లను బట్టి, ప్రతి వ్యూనూ ఆ ఊహా జనంలో ఒకరికి కేటాయిస్తారు. ఎవరు ఎవరన్నది తప్పినా మొత్తం మీద తలల సంఖ్య సరిపోతే చాలన్నది లెక్క. ఆ ఊహా ఐడీలను హైపర్‌లాగ్‌లాగ్ జాతి పలకల్లోకి పంపి, వేదికల మధ్య కలుపుతారు. ప్రకటనదారుల ప్రపంచ సమాఖ్య 2020లో ప్రతిపాదించిన పద్ధతి ఈ దారిదే. బ్రిటన్‌లో ఒరిజిన్, అమెరికాలో అక్విలా అన్న ప్రయత్నాలు దాని మీద నిలబడ్డవే.

ఈ చివరి అంచె మీద నాకు ఇంకా పూర్తి గురి కుదరలేదు. హైపర్‌లాగ్‌లాగ్ ఎంత తప్పుతుందో తనే చెబుతుంది, ప్యానెల్ అలా చెప్పదు. ఒకే ఫోను ఇంటిల్లిపాదీ చూసే చోట, ఆ కేటాయింపు ఎంత నమ్మకమైందన్నది ప్యానెల్‌లో అలాంటి ఇళ్లు ఎన్ని ఉన్నాయన్నదాన్ని బట్టే ఉంటుంది. పలకలో పేర్లు లేవు కనుక గుట్టు భద్రం అనుకోవడమూ తొందరపాటే. పలక చేజిక్కినవాడు ఫలానా మనిషి వచ్చాడా అని ఊహించగలడని దెఫోన్‌తెన్, లోఖ్‌బిలర్, బేసిన్ చూపించారు. అందుకే ఇప్పుడు పలకలను కలిపే ముందు కావాలనే కాస్త కల్తీ అంకెలు చల్లుతున్నారు. అంచనా మీద ఇంకో అంచనా.

ఫ్లాజొలే 2011 మార్చి 22న చనిపోయాడు. మూడేళ్ల తర్వాత, 2014లో, ఇటలీకి చెందిన సాల్వతోరె సాన్‌ఫిలిప్పో తన రెడిస్‌లో ఈ పలకను చేర్చి, దానికి మూడు కమాండ్లు పెట్టాడు. చేర్చడానికి పీఎఫ్‌యాడ్, లెక్కకు పీఎఫ్‌కౌంట్, కలపడానికి పీఎఫ్‌మెర్జ్. మాదాపూర్‌లోనో గచ్చిబౌలిలోనో వీటిని టైపు చేస్తూ ప్రావిడెంట్ ఫండ్ గుర్తొచ్చి నవ్వుకునే కుర్రాళ్లకు చెప్పాల్సిన మాట ఒకటుంది: ఆ పీఎఫ్ అంటే ఫిలిప్ ఫ్లాజొలే.