మా నెల్లూరి నవ్వుల మాంత్రికుడు రమణారెడ్డి

అప్పులవాడు గుమ్మంలోకి వస్తే ఎవరికైనా గుండెల్లో రాయి పడుతుంది. ‘మిస్సమ్మ’లో డేవిడ్ వస్తే మాత్రం హాలంతా నవ్వు పుడుతుంది. నిజానికి వాడు చేసేది మంచి పనేం కాదు. కథానాయిక చదువుకిచ్చిన అప్పును అడ్డం పెట్టుకుని ఆమెను పెళ్లి చేసుకోవాలని చూసే మనిషి. కాగితం మీద చదివితే అసహ్యం కలిగే ఆ పాత్ర 1955 నుంచి నేటిదాకా మన ఇళ్లలో నవ్వులు పూయిస్తోందంటే, అందుకు కారణం ఒక్కటే. ఆ వేషం కట్టింది తిక్కవరపు వెంకటరమణారెడ్డి, మన నెల్లూరి రమణారెడ్డి.

1921 అక్టోబరు 1న పుట్టాడు. నెల్లూరులో శానిటరీ ఇన్‌స్పెక్టరుగా పనిచేశాడు. ఆ ఉద్యోగం వదిలి మద్రాసు రైలెక్కాడు. 1974 నవంబరు 11న, యాభై మూడేళ్లకే వెళ్లిపోయాడు. ఆయన చరిత్ర ఇంత చిన్నదే. కళ మాత్రం ఎంత చెప్పినా తరిగేది కాదు.

ముందుగా ఆ శరీరం సంగతి చెప్పుకోవాలి. వెదురుబద్దలాంటి మనిషి. పొడుగు, బక్కపలచన. హాస్యనటుడు లావుగా ఉంటే జనం చూడగానే నవ్వుతారు, బక్కగా ఉంటే జాలిపడతారు. ఆ జాలిని దాటించి నవ్వించడం కష్టం. రమణారెడ్డి ఆ కష్టాన్నే తన బలంగా చేసుకున్నాడు. నడుము దగ్గర వంగుతాడు, మెడ దగ్గర సాగుతాడు, మోచేతులు ఒకవైపు వెళ్తే మోకాళ్లు ఇంకోవైపు వెళ్తాయి. ఇంత కదలికలోనూ ఎక్కడా తైతక్కలుండవు. ఎదుటివాడు మాట్లాడేటప్పుడు నిశ్చలంగా నిలబడి వింటాడు. తన వంతు వచ్చినప్పుడే ఒళ్లు కదుపుతాడు. ఆ నిలకడ ఉంది కాబట్టే కదలికకు విలువ వచ్చింది.

పక్కన తోటి హాస్యనటుడు రేలంగి నిలబడితే ఇక చెప్పేదేముంది! ఒకరు నిండుగా, ఇంకొకరు సన్నగా. లోకమంతా లారెల్, హార్డీలను చూసి నవ్వుకున్నట్టే తెలుగువాళ్లం ఈ జంటను చూసి నవ్వుకున్నాం. ఇద్దరూ ఒకరి నవ్వును ఒకరు లాక్కోలేదు. ఒకరు మాట విసిరితే రెండోవారు దాన్ని అందుకోవడానికి సిద్ధంగా ఉండేవారు. జంటహాస్యంలో అసలు విద్య ఇదే: ఎదుటివాడికి నవ్వు రానివ్వడం.

తర్వాత గొంతు. సన్నని గొంతు, చివర్లో కాస్త సాగే మాట. ఆ సాగుదలలో మా నెల్లూరు సీమ ఉంది. చిల్లకూరు నుంచి కోట, వాకాడు దాకా ఏ అరుగు మీద కూర్చున్నా వినిపించే పలుకే అది. ‘ఏందబ్బా’, ‘అట్టనా’, ‘భయపడబాక’ అనే మాటల్లో ఒక తాపీతనం ఉంది. మాట పూర్తయ్యేలోగా ఎదుటివాణ్ని బేరీజు వేసే గడుసుతనమూ ఉంది. రమణారెడ్డి తెర మీద పుస్తకభాష మాట్లాడినా ఆ తాపీ, ఆ గడుసుతనం పోలేదు. ‘రోజులు మారాయి’లో కరణం వేషం చూడండి. జమీందారు కొమ్ముకాసే ఆ పల్లెటూరి కరణం గొంతు పెంచి బెదిరించడు. మెత్తగా మాట్లాడుతూనే కొంప ముంచుతాడు. ‘గుండమ్మ కథ’లో గుండమ్మ పక్కన చేరి చేసే కుయుక్తులకూ ఆ మెత్తదనమే ప్రాణం. అలాంటి మనుషులు ప్రతి ఊళ్లోనూ ఉంటారు. వాళ్లను గుర్తుపట్టి నవ్వుకోవడం నేర్పాడు కాబట్టే ఆయన్ను గొప్పవాడంటున్నాను.

చాలామందికి తెలియని సంగతి ఇంకొకటుంది. రమణారెడ్డి ఇంద్రజాలికుడు కూడా. సినిమాల్లో తీరిక లేకుండా ఉన్న రోజుల్లోనూ మేజిక్ నేర్చుకుని ప్రదర్శనలిచ్చేవాడు. ఆ డబ్బు మంచి పనులకే ఇచ్చేవాడని మావైపు పెద్దలు ఇప్పటికీ చెబుతారు. ఆయన మేజిక్‌ను కొందరు సరదా అని తేలిగ్గా తీసిపారేస్తారు. నేను ఒప్పుకోను. హాస్యం, ఇంద్రజాలం, ఆ రెండు విద్యలూ ఒకే కుదుటివే.

గారడీలో అసలు పని చూపుది. చెయ్యి దాని తర్వాతే. ఆటగాడు ఎటు చూస్తే జనం అటు చూస్తారు. కుడిచేతిలోని నాణేన్ని ఎడమచేతిలో పెట్టినట్టు నటించి, ఎడమ పిడికిలి బిగించి, తన కళ్లు కూడా దాని మీదే నిలిపాడనుకోండి. నాణెం కుడి అరచేతి మడతలోనే ఉండిపోయిందన్న అనుమానం ఎవరికీ రాదు. అయితే ఆ కుడిచెయ్యి కాస్త బిగుసుకున్నా ఆట చెడుతుంది. ఏమీ ఎరగనట్టు వదులుగా వేలాడాలి. దాచడం నాలుగు రోజుల్లో నేర్చుకోవచ్చు గానీ, ఆ వదులు రావడానికి ఏళ్లు పడుతుంది.

దీనికి హాస్యం తోడైతే ఆటగాడికి తిరుగుండదు. నవ్వే మనిషి తల వెనక్కి వాలుస్తాడు, కళ్లు చికిలిస్తాడు, పక్కవాడి వైపు తిరుగుతాడు. గారడీవాడికి కావలసింది ఆ అరక్షణమే. హాస్యంలోనూ అంతే. మాట ఎటో పోతోందని మనల్ని నమ్మించి, మనం ఊహించనిచోట దాన్ని దించాలి. నవ్వైనా, ఆశ్చర్యమైనా పుట్టేది అక్కడే. వదులుగా వేలాడే చేతులు, అమాయకంగా పెట్టే ముఖం, ఎప్పుడు ఆగాలో తెలిసిన నాలుక రమణారెడ్డికి పుట్టుకతో వచ్చినట్టుండేవి.

ఇలాగే హాస్యాన్నీ మేజిక్‌నూ కలిపిన టామీ కూపర్ అనే మహానటుడు బ్రిటన్‌లో ఉండేవాడు. ఆయనా 1921లోనే, వేల్స్‌లో పుట్టాడు. ఆరడుగుల నాలుగంగుళాల మనిషి, నెత్తిన ఎర్రటి కుచ్చుటోపీ. వేదిక మీద మేజిక్ చేయబోయి తప్పినట్టు నటించి జనాన్ని పొట్టచెక్కలయ్యేలా నవ్వించేవాడు. తప్పినట్టు కనిపించాలంటే తప్పకుండా చేయడం వచ్చి ఉండాలి. ఆయన సిసలైన ఇంద్రజాలికుడు. 1984 ఏప్రిల్ 15న లండన్‌లో టీవీ ప్రత్యక్షప్రసారంలో, వేదిక మీదే కుప్పకూలాడు. అదీ ఆటలో భాగమేననుకుని జనం నవ్వారు. అదే ఏడు పుట్టి, అదే రెండు విద్యలు పట్టిన మన నెల్లూరాయన పేరు మన పిల్లల్లో ఎందరికి తెలుసు?

‘మాయాబజార్’ మళ్లీ ఒకసారి చూడండి. 1957లో దర్శకుడు కె.వి. రెడ్డి ఘటోత్కచుడి కొలువులో చిన్నమయ్య పాత్రను రమణారెడ్డికే ఇచ్చాడు. లంబు, జంబు అనే శిష్యులను వెంటేసుకుని మాయలు పన్నే గురువు. ఆ గురుత్వంలో ఎంత దర్పం! శిష్యులు ఏదైనా అంటే కనుబొమ ఎగరేసి చూసే ఆ చూపులో ఎంత పెద్దరికం! ఘటోత్కచుడి వేషంలోని ఎస్వీ రంగారావు అంతటి కొండ పక్కన నిలబడి, తన జాగా తాను నిలుపుకున్న బక్కమనిషి ఆయన.

ఇప్పుడు టీవీలో హాస్యమని వేస్తున్నది చూస్తే కడుపు మండుతుంది. బక్కగా ఉంటే వెక్కిరింత, నల్లగా ఉంటే వెక్కిరింత, ఆడవేషం కట్టిన మగవాడి చెంప పగలగొట్టడం, పుట్టుకను ఎత్తిపొడవడం. మాటకు మాటకు మధ్య ఊపిరి పీల్చుకునే సందు లేదు. నవ్వు రాకపోతే వెనక నుంచి అరువు నవ్వు పోస్తారు. ప్రతి మాటకూ చివర ‘బా’ తగిలించి, గట్టిగా అరిచి, అదే నెల్లూరు యాస అంటున్నారు. అది మా యాస కాదు, మా యాసకు పట్టించిన తుప్పు. రమణారెడ్డి తన శరీరం మీద తాను నవ్వించాడు గానీ, తక్కువవాణ్ని చూపి నవ్వించలేదు. నవ్వించడానికీ వెక్కిరించడానికీ ఉన్న తేడా తెలియనివాళ్ల చేతిలో ఈ విద్య పడింది.

ఇంకోమాట, మనసులో దాచుకోకుండా చెబుతాను. రేలంగికి 1970లో పద్మశ్రీ వచ్చింది. ఆ మహానుభావుడికి అది ఎప్పుడో రావలసిందే. ఓరుగల్లు మిమిక్రీ కళాకారుడు నేరెళ్ల వేణుమాధవ్ గొంతు 1971లో ఐక్యరాజ్యసమితి దాకా వెళ్లింది, 2001లో పద్మశ్రీ వచ్చింది. ఆయన పేరు నిలబెట్టుకున్న వరంగల్లువాళ్లకు దండం పెట్టాలి. మా రమణారెడ్డికి ఆ పురస్కారం రాలేదు. ప్రభుత్వం ఇవ్వలేదు సరే, మనమేం చేశాం?

నెల్లూరు, గూడూరు పెద్దలకు నా విన్నపం ఇదే. ఏటా అక్టోబరు 1న నెల్లూరు పురమందిరంలోనో, గూడూరులోనో ఒక సాయంత్రం హాస్యం, ఇంద్రజాలం కలిపి ప్రదర్శన పెట్టండి. కుర్రాళ్లను వేదికెక్కించండి. ఒకరినీ కించపరచకుండా నవ్వించాలన్న ఒక్క షరతు పెట్టండి. వచ్చిన డబ్బు ఆయన చేసినట్టే ఏ బడికో, ఆసుపత్రికో ఇవ్వండి. ఆయన మేజిక్ ప్రదర్శన కళ్లారా చూసిన వృద్ధులు మీ ఇంట్లో ఉంటే, వాళ్లు చెప్పేది ఇప్పుడే రాసిపెట్టుకోండి. సినిమాలు ఎక్కడికీ పోవు. వేదిక మీది రమణారెడ్డి మాత్రం ఆ పెద్దవాళ్ల జ్ఞాపకాల్లోనే ఉన్నాడు.