తాళం తప్పనివ్వని ఊపిరి
బవేరియా పల్లెల బ్లాస్‌కపెల్లె, అంటే ఊరి బాకా మేళం, గొప్పతనం హోరులో లేదు, కాలు తడబడనివ్వని తాళంలో ఉంది. 2016లో జర్మనీ తన సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చుకున్న ‘త్స్వీఫాహర్’ నాట్యాన్నే చూడండి: మూడు దెబ్బల వాల్ట్జ్ నడక ఉన్నట్టుండి రెండు దెబ్బలకు మారి, మళ్ళీ మూడుకు వస్తుంది, ఆ మార్పుల వరస పాటపాటకూ వేరు. ట్యూబా మొదటి దెబ్బను బరువుగా దించుతుంది, హార్న్‌లు మిగతావాటిని పొట్టిగా అందిస్తాయి, క్లారినెట్ పైన పాట నడుపుతుంది. బీరు పందిట్లో సందడే కదా, వాయించేది వృత్తి కళాకారులూ కారు కదా అనవచ్చు. నిజమే, పగటి పని ముగించుకుని సాధనకు కూర్చునేవాళ్ళే ఎక్కువ. కానీ అదే మేళం పండగ ఊరేగింపుకూ, అంతిమయాత్రకూ వెంట నడుస్తుంది. స్పీకరు పాట వినిపించగలదు గానీ, ఆడేవాళ్ళ అడుగు చూసి వేగం సర్దలేదు. ఆ పని ఎదుట ఉన్న మనిషి ఊపిరిదే.