లెక్క వేసిన కుర్రాడు

యుద్ధంలో ఓడిన జపాన్‌లో, యమగత ప్రాంతపు కొండల మధ్య యమమొతో అనే ఊరుంది. 1948లో ఆ ఊరి బడికి ముచాకు సెయిక్యో అనే ఇరవై ఒక్క ఏళ్ల పంతులు వచ్చాడు. తన తరగతిలోని 43 మంది పిల్లల చేత వాళ్ల బతుకు గురించే రాయించాడు. ఆ రాతలు 1951లో ‘యమబికో గక్కో’ అనే పుస్తకంగా వచ్చాయి. యమబికో అంటే కొండల్లో కేకేస్తే తిరిగొచ్చే ప్రతిధ్వని.

దీన్ని కన్నీళ్ల పుస్తకం అంటారు. మేము ఒప్పుకోం. ఎగుచి కోయిచి రాసిన ‘అమ్మ చావు, ఆ తర్వాత’ చదివి చూడండి. తండ్రి ఎప్పుడో పోయాడు, 1949 చివర్లో తల్లి పోయింది. ఆ కుర్రాడు ఏడుపు దగ్గర ఆగిపోలేదు, లెక్కకు కూర్చున్నాడు. పొగాకు మీద వచ్చేదెంత, తిండికి పోయేదెంత, అప్పెంత? ఎలా కూడినా చాలదు. బతికినంత కాలం కష్టపడిన అమ్మ చేతిలో డబ్బు ఎందుకు నిలవలేదని అడిగాడు. ఆ వ్యాసానికి 1950లో విద్యామంత్రి బహుమతి వచ్చింది.

మా తప్పొకటి చెప్పాలి. తునికాకు కట్టల లెక్కలతో ఒక కుర్రాడు వ్యాసం పంపితే, అంకెలు విసుగని మేమే కొట్టేశాం. కష్టం గురించి రాసిన నాలుగు వాక్యాలే ఉంచాం.

కోయిచి ప్రశ్నకు జవాబు కొంత అడవిలో ఉంది. యుద్ధం తర్వాత వచ్చిన భూసంస్కరణ కౌలుదార్లకు సాగునేల ఇచ్చింది గానీ అడవి జోలికి పోలేదు. కొండ ఊళ్లో సాగునేల ఎంతని! బతుకంతా కట్టెల్లో, బొగ్గుల బట్టీల్లో ఉండేది. మగపిల్లలు బడి మాని బొగ్గు మూటలు మోసేవాళ్లు. కోయిచి బడికి రావాలంటే అతని పనిలో చెయ్యేయాలని తోటి పిల్లలు పూనుకున్నారు. పుస్తకంలో మాకు బాగా నచ్చిన ఘట్టం అదే.

1952లో ఇమాయ్ తదాషి సినిమా తీశాడు. పంతులు పేరు దేశమంతా తెలిసింది. ఊళ్లో మాత్రం, మా పేదరికాన్ని బజారున పెట్టి పరువు తీశాడని కోపగించుకున్నారు. ఆ కోపాన్ని మూర్ఖత్వమని మేము కొట్టిపారేయలేం. రాసినవాళ్లూ అదే ఊళ్లో బతకాలి కదా. 1954లో పంతులు ఊరు వదిలి టోక్యో చేరాడు. కోయిచి ఊళ్లోనే ఉండి అటవీ సహకార సంఘంలో పనిచేశాడు. 1967లో, 31 ఏళ్లకే చనిపోయాడు.