వెరిటీ లాంబర్ట్ మొండితనం

1958 నవంబరు 30. బ్రిటన్‌లో ఏబీసీ టీవీ సంస్థ 'ఆర్మ్‌చెయిర్ థియేటర్' శ్రేణిలో ఒక నాటకాన్ని ప్రత్యక్ష ప్రసారం చేస్తోంది. రెండు సన్నివేశాల నడుమ గ్యారెత్ జోన్స్ అనే నటుడు గుండెపోటుతో చనిపోయాడు. ప్రసారం ఆగలేదు. దర్శకుడు టెడ్ కాచెఫ్ కిందికి పరుగెత్తి, అతను లేకుండా కథ ఎలా నడపాలో మిగతా నటులతో తేల్చుకునే పనిలో పడ్డాడు. కంట్రోల్ రూములో కెమెరాలకు ఆదేశాలిచ్చింది వెరిటీ లాంబర్ట్, ఇరవై మూడేళ్ల ప్రొడక్షన్ అసిస్టెంట్.

ఐదేళ్లకు బీబీసీ డ్రామా అధిపతి సిడ్నీ న్యూమన్ ఆమెను పిలిచి 'డాక్టర్ హూ' అనే సైన్స్ ఫిక్షన్ సీరియల్ నిర్మాత బాధ్యత అప్పగించాడు. మన సినిమా నిర్మాతలా అక్కడ జేబులోంచి డబ్బు తీయనక్కర్లేదు. ఏ కథ తీసుకోవాలి, ఎవరి చేతిలో పెట్టాలి, పైవాళ్లు వద్దంటే ఎంతదాకా నిలబడాలి అన్నవే ఆ ఉద్యోగం. ఆ విభాగంలో అప్పుడు ఆమె ఒక్కతే మహిళా నిర్మాత. తొలి కథ దర్శకుడు వారిస్ హుస్సేన్ లక్నోలో పుట్టినవాడు, పాతికేళ్లు నిండలేదు.

వీడియో టేపు వచ్చినా, దాన్ని కోసి అతకడం ఖర్చుతో కూడిన తలనొప్పి. అందుకే లైమ్ గ్రోవ్ స్టూడియోలో రికార్డింగు కూడా ప్రత్యక్ష ప్రసారం పద్ధతిలోనే సాగేది. రోజుల తరబడి రిహార్సల్సు, ఒకే సాయంత్రం రికార్డింగు. మాట తడబడితే తడబడినట్టే ఉండిపోయేది. డాక్టరుగా వేసిన విలియం హార్ట్‌నెల్ తడబాట్లను ఏరి నవ్వుకునేవాళ్లున్నారు. నాకైతే ఆ చిరాకు ముసలాయన పాత్రకు అవి అతికినట్టే ఉంటాయి.

డబ్బు చాలని చోట చెవిని నమ్మించారు. రాన్ గ్రేనర్ రాసిన టైటిల్ సంగీతానికి బీబీసీ రేడియోఫోనిక్ వర్క్‌షాప్‌లో డీలియా డెర్బీషైర్ రూపమిచ్చింది. ఒక తీగ మీటి రికార్డు చేయడం, టేపు వేగం పెంచీ తగ్గించీ దాన్నుంచే వేర్వేరు స్వరాలు రాబట్టడం, స్వరం ఎంతసేపు మోగాలో అంత పొడవు టేపు కొలిచి కోయడం, ముక్కలన్నీ వరసగా అతికించడం. డాక్టరు కాలయంత్రం టార్డిస్ బయల్దేరే రొద కోసం బ్రయన్ హాడ్జ్‌సన్ పాత పియానో తీగల మీద ఇంటి తాళంచెవితో గీకాడు.

తొలి ఎపిసోడ్ న్యూమన్‌కు నచ్చలేదు, మళ్లీ తీయమన్నాడు. తీశారు. అసలు తగువు డాలెక్‌లనే గ్రహాంతర జీవుల దగ్గర వచ్చింది. వింత కళ్ల రాక్షసులు వద్దని న్యూమన్ ముందే చెప్పి ఉన్నాడు. టెర్రీ నేషన్ రాసిన డాలెక్‌ల కథ చదివి పైవాళ్లు మొహం చిట్లించారు. లాంబర్ట్ మాత్రం ఇదే తీస్తానంది. నిజానికి సిద్ధంగా ఉన్న స్క్రిప్టు మరొకటి లేదు, ఆ సంగతి ఆమెకు బాగా కలిసొచ్చింది! రేమండ్ క్యూసిక్ రూపమిచ్చిన ఆ డాలెక్ బొమ్మల లోపల మనిషి కూర్చుని కాళ్లతో తోసుకుంటూ నడిపేవాడు. 1963 డిసెంబరులో అవి తెరకెక్కగానే పిల్లలకు వెర్రెత్తిపోయింది. న్యూమన్ తన మాట వెనక్కి తీసుకున్నాడు.

తర్వాత లాంబర్ట్ థేమ్స్ టెలివిజన్‌లో డ్రామా అధిపతిగా ఉండగా, బీబీసీ కాదన్న 'ద నేకెడ్ సివిల్ సర్వెంట్' టీవీ చిత్రం అక్కడ తయారైంది. క్వెంటిన్ క్రిస్ప్ అనే స్వలింగ సంపర్కుడి జీవితాన్ని 1975లో నట్టింటి టీవీలోకి తేవడం డాలెక్‌ల కన్నా పెద్ద సాహసమని నేనంటాను. అదే పట్టుదల ఒకసారి బెడిసికొట్టింది కూడా. 1992లో స్పెయిన్‌లో సెట్లు కట్టించి మొదలుపెట్టిన 'ఎల్డొరాడో' సీరియల్ ఏడాదికే మూతపడింది, పత్రికలు ఉతికి ఆరేశాయి. ఆమె 'జొనాథన్ క్రీక్' అనే మరో సీరియల్ పనిలో పడింది, ఆపైన 'లవ్ సూప్'. దాని రెండో సిరీస్ ప్రసారమైంది 2008లో. ఆమె 2007 నవంబరులోనే పోయింది.