పాదాల పసరు

కె.ఆర్.పురం స్టేషన్లో శేషాద్రి ఎక్స్‌ప్రెస్ దిగే తెలుగువాళ్ల సామాన్లలో ఒక్కోసారి తడిగుడ్డ చుట్టిన కరివేపాకు పిలకో, మల్లె అంటో కనిపిస్తుంది. ఊరు వదిలినా మొక్కను వదలరు. ఆకాశం వదిలి నేలమీదికి వచ్చిపడ్డ గంధర్వుల, విద్యాధరుల కథలు మన కావ్యాల్లో బోలెడున్నాయి. అవీ మొక్కల వెంటే నడుస్తాయి. ఆ కథలు అల్లిన తీరులో నన్ను కట్టిపడేసేది ఇదే. దేవజాతుల్ని చెల్లాచెదురు చేసేదీ మొక్కే, మళ్లీ ఒకచోటికి చేర్చేదీ మొక్కే.

అల్లసాని పెద్దన శ్రీకృష్ణదేవరాయలికి అంకితమిచ్చిన ‘మనుచరిత్ర’నే తీసుకోండి. కథ అంతకుముందే మారన ‘మార్కండేయపురాణం’లో ఉంది. పెద్దన దాన్ని పెంచి పండించాడు. అంత పెద్ద కావ్యమూ కదిలేది ఒక్క పసరు వల్ల. అరుణాస్పదపురం దాటి ఎరగని ప్రవరుడి పాదాలకు ఒక సిద్ధుడు మందు పూస్తాడు. దాని మహిమతో ప్రవరుడు హిమాలయాల మీద వాలుతాడు. కొండలూ సెలయేళ్లూ చూస్తూ మైమరచి తిరుగుతుంటే మంచుకు పసరు కాస్తా కరిగిపోతుంది. ఇక ఇంటికి దారి లేదు. అప్పుడు వరూధిని ఎదురవుతుంది. ఆమె ఎంత వేడుకున్నా కాదని, అగ్నిహోత్రుణ్ని ప్రార్థించి అతను ఇల్లు చేరతాడు. ఒకప్పుడు ఆమె కాదన్న గంధర్వుడు ఇదే అదనుగా ప్రవరుడి రూపం వేసుకుని వస్తాడు. వాళ్లకు పుట్టినవాడు స్వరోచి.

పనితనమంతా ఆ కరగడంలో ఉంది. మందుకు మహిమ ఎంతో, హద్దూ అంతే. దాన్ని పోగొట్టడానికి శాపం పెట్టే మునీ అక్కర్లేదు, అడ్డుపడే రాక్షసుడూ అక్కర్లేదు. మంచు చాలింది. మన పాత కథకులు ఎంత వింతనైనా నమ్మించగలిగారంటే, వింతకు కూడా చెమ్మా పొడీ తగిలేలా రాశారు కాబట్టే.

అక్కడినుంచి కథ ఇంకా చిక్కబడుతుంది. ఆకాశచారి అయిన ఇందీవరాక్షుడికి వైద్యం నేర్వాలని కోరిక. వైద్య గురువు బ్రహ్మమిత్రుడు నేర్పనన్నాడు. ఇతను కంటికి కనబడకుండా పక్కన చేరి, శిష్యులకు చెప్పే పాఠమంతా విని నేర్చేశాడు. ఆపైన గురువు ఎదుటపడి నవ్వాడు. శాపం తగిలి రాక్షసుడయ్యాడు. ఒళ్లు తెలియని ఆకలితో కన్నకూతురు మనోరమనే తినబోయాడు. స్వరోచి అస్త్రం తాకాక గానీ పాత రూపం రాలేదు. కూతురితో పాటు దొంగచాటుగా నేర్చిన ఆ ఆయుర్వేదాన్నీ స్వరోచి చేతిలో పెట్టాడు. ముని శాపంతో రోగాలపాలై కొండల్లో పడి ఉన్న మనోరమ చెలికత్తెలు విభావరి, కళావతి కోలుకున్నది ఆ వైద్యంతోనే.

శాపం అతని రూపాన్ని చెరిపింది, విద్యను చెరపలేకపోయింది. రాక్షసుడి కడుపులో కూడా మూలికల జ్ఞానం భద్రంగా ఉంది! ఇంత దయగల ఊహ మరే సాహిత్యంలో ఎదురైనా చేతులెత్తి మొక్కుతాను. చివరికి స్వరోచి వేటకు వెళ్లిన అడవిలో ఒక ఆడజింక తనను కౌగిలించుకోమంటుంది. తాకగానే స్త్రీ అవుతుంది. ఆమె వనదేవత. ఆమె కొడుకే స్వారోచిష మనువు. పసరుతో మొదలైన వంశానికి అడవే తల్లి అయింది.

ఆ రాయల ఆస్థానంలోనే నంది తిమ్మన ‘పారిజాతాపహరణం’ రాశాడు. అందులో ఆకాశం నుంచి ఎవరూ జారిపడరు, స్వర్గంలోని చెట్టే సత్యభామ పెరట్లోకి దిగివస్తుంది. మనం పారిజాతమని పెంచుకునే చెట్టును దగ్గరగా చూస్తే ఈ కథ ఎందుకు నిలిచిందో తెలుస్తుంది. ఆకు గరుకుగా ఉంటుంది. పువ్వు పొద్దుగూకాక విచ్చి, తెల్లారేసరికి రాలుతుంది. తెల్లటి రేకుల కింద నారింజరంగు కాడ. ఆ కాడలతో ఒకప్పుడు పట్టుకు రంగు వేసేవారు. నేలరాలిన పువ్వు పూజకు పనికిరాదంటారు గానీ పారిజాతానికి ఆ పట్టింపు లేదు. కూచిపూడి భామాకలాపానికీ పారిజాతమనే పేరుంది. ఉత్తర కర్ణాటకలో ‘శ్రీకృష్ణ పారిజాత’ పేరుతో జానపద నాటకమే ఉంది.

బెంగళూరు పేటలో, స్వర్గం పువ్వై దిగివచ్చే ఈ ఊహ వీధుల్లో నడుస్తుంది. చైత్ర పౌర్ణమి రాత్రి ధర్మరాయస్వామి గుడి నుంచి కరగ బయల్దేరుతుంది. తరతరాలుగా తోటపనికి పేరుపడ్డ తిగళుల పండుగ అది. స్వర్గానికి వెళ్లిపోతున్న ద్రౌపది తన వీరకుమారులకు ఏటా వస్తానని మాటిచ్చిందని వాళ్ల నమ్మకం. ఆమె మల్లెపూల గోపురమై వస్తుంది. చీర కట్టి, గాజులు తొడిగిన పూజారి దాన్ని తలమీద నిలిపి, చేత్తో పట్టకుండా తెల్లవార్లూ నడుస్తాడు. మల్లెలు పండించే చేతులే ఆ తల్లిని దించుకుంటున్నాయి.

కరగ మోసేవాళ్లు ఏటా చివరిదాకా నడుస్తారు. మనమేమో ‘మనుచరిత్ర’లో ప్రవరుడు ఇల్లు చేరగానే పుస్తకం మూసేస్తున్నాం. పాఠ్యపుస్తకాలూ ఎక్కువగా ఆ ఘట్టం దగ్గరే ఆగుతాయి. కె.ఆర్.పురంలో తెలుగు ఇంట్లోనే నేర్చుకునే పిల్లలకు ఈ కథ చెప్పే అమ్మమ్మలూ తాతయ్యలూ ఇందీవరాక్షుడి దాకా, ఆ తర్వాత వనదేవత దాకా తీసుకెళ్లాలని నా కోరిక.