మేకతోలు మీద సూర్యోదయం

విశ్వామిత్రుడికి కోపం వస్తే ఏకంగా ఇంకో ఆకాశాన్నే సృష్టించాడు. బొందితో స్వర్గానికి పంపిన త్రిశంకుణ్ణి ఇంద్రుడు కిందికి తోసేస్తే, రాజును మధ్యలోనే ఆపి, దక్షిణ దిక్కున కొత్త సప్తర్షులను, కొత్త నక్షత్రాలను వెలిగించాడని బాలకాండ కథ. మే నెల మొదట్లో రాత్రి పదింటికి ధర్మవరం పక్క ఏ చెరువుగట్టెక్కి దక్షిణానికి చూసినా, నేలకు 12 నుంచి 18 డిగ్రీల ఎత్తులో శిలువ ఆకారంలో నాలుగు చుక్కలు కనిపిస్తాయి. చాలామంది వాటినే త్రిశంకు అంటారు.

కథ కోసం కొత్త వెలుగును పుట్టించే పని ఋషితోనే ఆగలేదు. ధర్మవరం మండలం నిమ్మలకుంటలో అది తోలుబొమ్మలాట ఆడించే కొన్ని కుటుంబాల కులవృత్తి. అక్కడ ముడిసరుకు మేకతోలు.

ఒక సూర్యబింబాన్నే తీసుకుందాం. తోలును గోరువెచ్చని నీళ్లలో నానబెట్టి, బొచ్చు గీకి, లోపలి కండపొరలన్నీ తీసేసి, బిగలాగి ఎండబెడతారు. ఎండాక అది అవతలి వెలుతురు ఇవతలికి తెలిసేంత పలచబడుతుంది. గీకడంలోనే సగం పనితనం ఉంది. తక్కువ గీకితే బింబం మసకబారుతుంది, ఎక్కువ గీకితే చిరిగిపోతుంది. ఆ తర్వాత నల్లగీతతో ఆకారం గీసి, చెక్కదిమ్మ మీద పెట్టి, రకరకాల మొనలున్న ఉలులతో చుక్కలు కొడతారు. గుండ్రటివి, నెలవంకలు, బియ్యపుగింజంత సన్నటివి. ఆఖరున రంగు. బొమ్మను ఎటు తిప్పినా పాత్ర కనబడాలి కాబట్టి రెండువైపులా వేస్తారు.

పగటిపూట చేతిలో పట్టుకుంటే అది ఎర్రరంగు పూసిన తోలుముక్కే. వెనక దీపం పెట్టగానే వెలుగు మూడు రకాలుగా విడిపోతుంది. నల్లగీత వెలుగును పూర్తిగా ఆపుతుంది. రంగు పూసిన తోలు సగం వదిలి, ఆ సగానికి తన ఎరుపు అంటిస్తుంది. చిల్లు మాత్రం ఏదీ అడ్డు లేకుండా వదిలేస్తుంది. రాముడి కిరీటంలో రత్నాలు, సీత మెడలో హారం, సూర్యుడి చుట్టూ కిరణాలు, అన్నీ ఆ చిల్లులే. మెరిసేవన్నీ తోలు లేని చోట్లే! లోకంలో ఎందరో చిత్రకారులు బంగారాన్ని రంగుతో చూపిస్తే, వీళ్లు బంగారం ఉండాల్సిన చోట తోలునే తీసేశారు. ఇంత సాహసమైన ఆలోచన కళల్లో అరుదు.

తెర అంటే తెల్లటి పంచె. కదలక్కర్లేని బొమ్మల్ని ఈతముళ్లతో దానికి గుచ్చుతారు. తెరకు ఆనించిన బొమ్మ గీత గీతగా కనిపిస్తుంది. దీపం వైపు జరిపితే పెద్దదై, అంచులు కరిగి నీడలా మారుతుంది. ఆకాశం నుంచి దిగే పాత్ర ముందు మబ్బులా పరుచుకుని, తెరను తాకేసరికి కిరీటంతో సహా తేలడం ఈ కిటుకే. వెనక ఇంటిల్లిపాదీ ఉంటుంది: ఒకరు ఆడిస్తారు, ఒకరు తాళం వేస్తారు, ఆడవాళ్లు గొంతు కలుపుతారు, యుద్ధమొస్తే కాళ్ల కింద చెక్కలు టపటపలాడతాయి. ఇంట్లో మరాఠీ కలిసిన మాట, తెర ముందుకొస్తే ద్విపద రామాయణం. మధ్యలో కేతిగాడు, బంగారక్క వచ్చి జనాన్ని కడుపుబ్బ నవ్వించి, నిద్రపోయే పిల్లల్ని లేపేవాళ్లు.

ఆముదం దీపాల కాలంలో గాలి కాస్త వీస్తే చాలు, కదలని సూర్యుడు కూడా ఊపిరి తీసుకున్నట్టుండేది. పెట్రోమాక్సు వచ్చింది, తర్వాత కరెంటు బల్బు. వెలుగు పెరిగింది. బొమ్మలో ప్రాణం మాత్రం కాస్త తగ్గిందని ఈ కాలమ్ గట్టి అభిప్రాయం. ఇప్పటికీ ఎవరైనా నూనె దీపంతో ఆడిస్తే, అరగంటైనా కూర్చుని చూడండి, తేడా కళ్లకే తెలుస్తుంది.

ఈ ఆట ఎంత పాతదంటే, పాల్కురికి సోమనాథుడి ‘పండితారాధ్య చరిత్ర’లోనే దీని ప్రస్తావన ఉంది. హిందూపురం దగ్గర లేపాక్షిలో, 16వ శతాబ్దంలో విజయనగరం వాళ్ల హయాంలో వేసిన పైకప్పు చిత్రాలను తలెత్తి చూస్తే అదే పక్కచూపు ముఖం, అదే పెద్ద కన్ను, అదే నల్లటి అంచుగీత. ఎవరు ఎవరి నుంచి నేర్చుకున్నారో పండితులు తేల్చుకోవచ్చు. రెండు చేతులూ ఒకే నేలవని చెప్పడానికి చూపు చాలు.

వానకు మొహం వాచిన ఈ సీమలో, చినుకు పడకపోతే తోలుబొమ్మలాట ఆడించే ఆనవాయితీ ఉండేది. ఇప్పుడు ఆ పిలుపులు తగ్గాయి. అదే చేతులు లాంప్‌షేడ్లు చేస్తున్నాయి, గోడకు తగిలించే పటాలు చేస్తున్నాయి. ఆంధ్రప్రదేశ్ తోలుబొమ్మలకు భౌగోళిక గుర్తింపు దక్కింది. నిమ్మలకుంట కళాకారుడు దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ ప్రకటించారు. లాంప్‌షేడు వల్ల కళ దిగజారిందనేవాళ్లతో ఈ కాలమ్‌కు పేచీ ఉంది. బల్బు చుట్టూ తిరిగే ఆ తోలులో గీకడమూ ఉంది, చిల్లూ ఉంది, రెండువైపులా రంగూ ఉంది. పొయ్యి వెలిగించిందీ అదే.

పోతున్నది ఇంకోటి. బొమ్మ చేయడం వచ్చిన కుర్రాడికి, దాన్ని తెర దాకా ఎప్పుడు తేవాలో, ఏ పద్యానికి వెనక్కి జరపాలో నేర్పే రాత్రులు దొరకడం లేదు. అది బెంచీ మీద కూర్చుని నేర్చుకునే పని కాదు, ఊరి జనం ఎదురుగా ఉండగా పెద్దవాళ్ల పక్కన నిలబడి పట్టుకోవాలి. అమరాపురం నుంచి ధర్మవరం దాకా ప్రతి ఊళ్లో ఏటా జాతర జరుగుతుంది, డీజేకూ ఆర్కెస్ట్రాకూ చందాలు వసూలవుతాయి. అందులో ఒక్క రాత్రి ఈ కుటుంబాలకిచ్చి, కూలి నిండుగా కట్టి, ఆ గంటల పాటు గుడి ముందు వీధిలైట్లు ఆర్పించాలి. జాతర కమిటీలు ఈ ఏడే మొదలుపెట్టవచ్చు.