వేషం, కొణతం

వేషం అనగానే రంగు, కిరీటం, మీసం గుర్తొస్తాయి. ఈ సంస్కృత పదానికి మూలం ‘విష్’ ధాతువు. వేదభాషలో దానికి పని, కార్యాచరణ అనే అర్థం ఉంది. అమరకోశంలో అది నేపథ్యం సరసన చేరి అలంకారమైంది. తెలుగులో ఇంకా జారింది: ‘మంచి వేషం దొరికింది’ అంటే మెచ్చుకోలు, ‘వేషాలెయ్యకు’ అంటే కసురు.

ఈ రెండర్థాల్లో పల్నాటి వీరులకు అలంకారం వెండితెర మీద దక్కింది, పని కారెంపూడిలో దక్కింది.

1947 ‘పల్నాటి యుద్ధం’లో గోవిందరాజుల సుబ్బారావు మంత్రి బ్రహ్మనాయుడు, కన్నాంబ ఆయన ప్రత్యర్థి నాగమ్మ. 1966లో అదే పేరుతో వచ్చిన సినిమాలో ఎన్టీఆర్, భానుమతి. నా ఓటు మొదటిదానికే. సుబ్బారావు పాత్రలో కలిసిపోయే నటుడు. ‘కన్యాశుల్కం’ లుబ్ధావధాన్లూ ఆయనే. 1966 నాటికి ఎన్టీఆర్ ముఖం జనానికి కృష్ణుడి ముఖం. బ్రహ్మనాయుణ్ణి విష్ణ్వంశగా కొలిచే పల్నాడుకు అది నప్పిందనవచ్చు. కానీ కోడిపందెం ఓడి, తనవాళ్లను ఏడేళ్ల వలసకు నడిపించిన మంత్రి గుండెకోత ఆ దివ్యకాంతిలో కనబడదు.

కారెంపూడిలో కార్తీక అమావాస్య నుంచి ఐదు రోజులు వీరుల ఉత్సవం: రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. ఇక్కడ వీరుడంటే ఆయుధమే. కొణతాలనే ఆ ఆయుధాలను నాగులేరులో కడిగి, పసుపు కుంకుమలు పెట్టి, పూలు చుట్టి, ఆచారవంతులు వీరుల గుడికి మోసుకొస్తారు. ఆ ఇనుముకు ముక్కూ మొహం లేవు. అయినా జనం దాని ముందే దణ్ణం పెడతారు. మందపోరు నాడు చాపకూడు. అన్ని కులాలవాళ్లూ ఒకే పంక్తిన కూర్చుంటారు. మాల కన్నమదాసును కొడుకుగా చేసుకుని సేనను అప్పగించిన బ్రహ్మనాయుణ్ణి చూపడానికి ఇంతకన్నా ఏం కావాలి? పోలికలున్న మనిషి అక్కర్లేదు, ఆయన చేసిన పని మళ్లీ జరిగితే చాలు.

వీరవిద్యావంతుల కథాగానమూ అంతే. పంబజోడు మోగుతుంటే కత్తి పట్టిన కథకుడు గొంతు మార్చి నాగమ్మ అవుతాడు, మరుక్షణం బ్రహ్మనాయుడి కొడుకు బాలచంద్రుడవుతాడు. బట్టలు మార్చుకోడు.

సినిమాలను తీసిపారెయ్యను. నాగులేరు చూడని వేలమందికి ఈ కథ చేరింది వాటివల్లే. అయితే మూడోసారి ఎవరైనా తీస్తే, మేకప్ పరీక్షలకు ముందు ఆ ఐదు రోజులూ కారెంపూడిలో ఉండాలి, చాపకూడు పంక్తిలో కూర్చుని తినాలి.